అమ్మ సమాధికి అన్న కట్టిన తెర

మా అన్న సినిమా డైరెక్టరని చెబితే మా మనవళ్లు ముందు నవ్వుతారు, తర్వాత ఏ సినిమా అని అడుగుతారు. పేర్లు చెబుతాను. వాళ్లు వినలేదు. వినకపోవడం వాళ్ల తప్పేమీ కాదు. ఆ సినిమాల రీళ్లు మద్రాసులో ఏ గోడౌనులో పాడైపోయాయో తీసినవాడికే తెలియలేదు. అయినా వాళ్లు నవ్వితే నాకు ఒళ్లు మండుతుంది. ఈ కోపం నాకు మా నాయన ఇచ్చిన ఆస్తి అని మా ఆయన అనేవాడు. నిజమే. పొలం అన్నకు పోయింది, కోపం నాకు వచ్చింది.

మా ఊరు డోన్‌కూ బేతంచెర్లకూ నడుమ, రైలు కట్టకు కాస్త ఎడంగా ఉంటుంది. గోడలు నాపరాళ్లు, మిద్దె మీద పరిచినవి నాపరాళ్లు, చేలో నాగలికి తగిలేవీ నాపరాళ్లే. వాన పడితే కొర్రా జొన్నా, పడకపోతే బేతంచెర్ల గనుల్లో రాళ్లు కొట్టుకోవడం. మూడో బతుకుతెరువు తెలియని ఊరు. అక్కడి నుంచి మా అన్న కర్నూలు కాలేజీకి పోయాడు, కాలేజీ నుంచి నాటకాలకు, నాటకాల నుంచి మద్రాసుకు. పరీక్ష రాయకుండా రైలెక్కాడని తెలిసిన రోజు మా నాయన రొట్టె సగంలో వదిలి లేచాడు. "పోనీలే, యాడో ఒకచోట బతకనీ. వానికి సేద్యం యాడొస్తాది" అన్నాడు.

మద్రాసులో అన్న చాలా ఏళ్లు అసిస్టెంటుగా ఉన్నాడు. ఏం పని అని నేను అడిగితే, నటులకు మాటలు చదివి వినిపించడం, డైరెక్టరుగారి తిట్లు ఇంకెవరి మీదా పడకుండా తన మీద వేసుకోవడం అని చెప్పాడు. సొంతంగా ఒక సినిమా చేతికి వచ్చేసరికి ముందరి జుట్టు పలచబడింది. అది రాజుల కథ. డోన్ టూరింగ్ టాకీసుకు వచ్చినప్పుడు ఊరంతా బండ్లు కట్టుకుని పోయాం. తిరిగి వస్తుంటే నాయన, "బాగానే తీసినాడు గానీ, అన్ని గుర్రాలుండాయి, వాటికి మేత యాడ పెడతాండారో ఒక్కసారన్నా సూపలేదు" అన్నాడు. అమ్మకు చదువు రాదు. తెర మీద పేర్లు పడుతుంటే, అందులో మనవాడి పేరేది అని నా చెయ్యి గిల్లుతూనే ఉంది. నేను చూపించేసరికి అది వెళ్లిపోయింది.

అమ్మకు బొల్లి. నేను పుట్టేనాటికి పెదవుల దగ్గర, వేళ్ల కొసల మీద ఉన్న తెల్లమచ్చలు, నాకు పెళ్లయ్యేనాటికి ఒళ్లంతా పాకాయి. ఎవరూ ఆమెను ఏమీ అనలేదు, కానీ శుభకార్యానికి ఎవరూ పిలిచేవాళ్లు కాదు. పిలవకపోయినా పోయి, పెరట్లో కూర్చుని పిండి విసిరి వచ్చేది. ముందరికి రా అంటే, "నేనొస్తే పెండ్లికూతుర్ని వదిలేసి నన్నే సూస్తారు లేమ్మే" అని నవ్వేది. ఆమె భయపడేది నిప్పుకు. చిన్నప్పుడు వాళ్ల ఊళ్లో గడ్డివాములు అంటుకుని ఇళ్లు కాలిపోతుంటే చూసిందట. పొయ్యి దగ్గర కూడా చేయి చాచి కట్టె తోసేది, ముందుకు వంగేది కాదు. జ్వరం వచ్చినప్పుడల్లా ఒకటే మాట: "నేను సస్తే నన్ను కాల్సొద్దండి. మట్టిలో పెట్టండి."

మా ఇళ్లలో పోయినవాళ్లను సొంత చేలో పూడ్చడమే ఆచారం. కానీ బొల్లి ఉన్నవాళ్లను పూడ్చకూడదని, కాల్చాలని, పూడిస్తే ఆ ఊరి మీద మోడం నిలవదని మా సీమలో అనేవాళ్లు. మోడమంటే మబ్బు. అమ్మ పోయినప్పుడు అన్న రెండో సినిమా బాగా ఆడి, అతని పేరు మారుమోగుతున్న సమయం. కర్నూలు కొత్తగా రాజధాని అయి ఆఫీసులు గుడారాల్లో నడుస్తున్న రోజులవి. రోడ్డు మీద మంత్రులను చూసి వచ్చిన మా ఊరివాళ్లకు మా అన్న కూడా ఒక మంత్రిలాగే కనబడ్డాడు. అన్న మద్రాసు నుంచి వచ్చి, అమ్మ కోరినట్టు చేలో పూడ్చాలన్నాడు. నాయన సరేనన్నాడు. ఊరు ఊరుకుంది. ఆ ఏడు వానలు బాగా పడ్డాయి, వానలు బాగున్న ఏడు ఊరికి దయ ఎక్కువ.

ఆ తర్వాత వరసగా వానలు ఎగబెట్టాయి.

మూడో సినిమా తీయడానికి అన్న మా ఊరికే వచ్చాడు. అట్ట అడవులూ అట్ట కోటలూ తీసి విసుగెత్తిందట, మన కరువు కథ మన నేల మీదే తీస్తానన్నాడు. ఆ రోజుల్లో కెమెరాను స్టూడియో గేటు దాటించడమే గొప్ప. నిర్మాతకు ఇష్టం లేకపోయినా, వెనకటి సినిమా ఆడింది కనుక ఒప్పుకున్నాడు. లారీల మీద మనుషులు, సామాన్లు వచ్చాయి. అన్నకు వండిపెట్టడానికి నేను డోన్ నుంచి పుట్టింటికి వచ్చాను. మా ఆయన రైల్వేలో ఉద్యోగి, ఆయనకు హోటలు కూడే గతి.

ఊళ్లో బావుల్లో అడుగున బురద. చచ్చిన ఎద్దుల ఎముకలు చేల గట్ల మీద ఎక్కడపడితే అక్కడ ఉన్నాయి. పసిబిడ్డలకు విరేచనాలు. వాన కోసం కప్పను రోకలికి కట్టి ఊరేగించారు, భజనలు చేశారు, గంగమ్మకు పొట్టేలును కోశారు. ఆకాశం మాత్రం కడిగి బోర్లించిన సత్తుగిన్నెలా తెల్లగా ఉంది. కెమెరామనుకు అది చాలా నచ్చింది. ఎండ ఎంత బాగుందో అని అతను మెచ్చుకుంటుంటే నాకు చెంప పగలగొట్టాలనిపించింది.

ఒకరోజు పొద్దున మా చిన్నాయన, ఊరి పెద్దలను వెంటబెట్టుకుని మా ఇంటికి వచ్చాడు. చిన్నాయనంటే నాయనకు వరసకు తమ్ముడు, ఊళ్లో పదిమందీ వినే మనిషి. చెడ్డవాడు కాడు. చెడ్డవాడైతే ఎంత బాగుండేదో. అరుగు మీద కూర్చున్నాడు, మంచినీళ్లు ఇవ్వబోతే వద్దన్నాడు.

"మీయమ్మ నాకు వదిన. నాకు బువ్వ పెట్టిన మనిషి. ఈ మాట అడిగేదానికి నా నోరు పడిపోనీ. అయినా అడుగుతాండా. ఆమెను తీసి కాల్సాల" అన్నాడు అన్నతో.

అన్న చాలా ఓపికగా చెప్పాడు. మబ్బులు ఎలా పుడతాయో, గాలి ఎటు నుంచి వీస్తుందో, సముద్రం ఎక్కడుందో. సెట్టు మీద మాట్లాడినట్టే మాట్లాడాడు. చిన్నాయన అంతా విన్నాడు.

"నువ్వు సదువుకున్నోనివి. మీయమ్మకూ వానకూ సంబంధం లేదంటాండావు. కానీ అది తప్పయితే నువ్వు మద్రాసులో ఉంటావు, మేము ఈడ సస్తాం." మళ్లీ తనే, "మీ సినిమాలో కడాకు వానొస్తాదంటనే. అదెట్ల తెప్పిస్తావప్పా?" అని అడిగాడు.

"మద్రాసులో పైపులతో పోస్తాం చిన్నాయనా."

"మాకు పైపులు లేవు నాయనా" అన్నాడు చిన్నాయన. వెటకారంగా అనలేదు.

మర్నాటి నుంచి షూటింగుకు ఊరివాళ్లు రాలేదు, ఎద్దులు రాలేదు. నిర్మాత మనిషి రోజూ వచ్చి వాచీ చూసుకుంటూ తిరిగేవాడు. ఆ కష్టాలు అన్నవి, పడతాడు. కానీ నాయనకు గడ్డం గీసే మంగలి రాలేదు, బట్టలకు చాకలి రాలేదు. నాయన రచ్చబండ దగ్గరికి పోతే అక్కడున్నవాళ్లు మెల్లగా లేచి ఇళ్లకు పోయారు. అన్న సినిమా అయిపోగానే పోతాడు, నేను డోన్ పోతాను. నాయన పుట్టిన ఊళ్లోనే ఒంటరివాడై ఉండాలి. ముందు నుయ్యి, వెనక గొయ్యి అంటారే, ఆ గొయ్యి మా అమ్మది.

చివరికి నాయనే అన్నాడు. "తీసేయండి రా. నేను ఆమెకు సెప్పుకుంటా."

అన్న ఆ పూటంతా మిద్దె మీద కూర్చున్నాడు. కిందికి దిగి వచ్చి, సందు పక్కకు పిలిచి, అమ్మ చీర ఏదైనా ఉందా పాపా అని అడిగాడు. ఎందుకని నిలదీశాను. అప్పుడు చెప్పాడు.

అతని కంపెనీలో సెట్లు వేసే మేస్త్రి ఒకడున్నాడు, బందరు వైపు మనిషి. ఏనుగులు తొక్కేసే సైనికులను, కోట మీద నుంచి పడే రాజులను గడ్డితోనూ గుడ్డతోనూ చేసేది అతనే. ఒక శవాన్ని చెయ్యమని అన్న అతన్ని అడిగాడు. ఉత్త గడ్డయితే భగ్గున మండి తేలిపోతుంది, లోపల కట్టెలూ ఎముకలూ పెట్టాలి అన్నాడట మేస్త్రి. ఎముకలకు మా ఊళ్లో కొదవ లేదు. సమాధిని మాత్రం ముట్టుకోరు, పక్కన ఒక గుంట తవ్వి మట్టి పైకి పోస్తారు, అంతే. నాయనకు చెప్పకూడదు. నాయనకు అబద్ధం ఆడటం రాదు, వేషం అసలే రాదు.

ఊరి పెద్దలతో అన్న ఒక్క కోరిక కోరాడు. "మాయమ్మను మేమే తీసుకుంటాం. మా కంపెనీ మనుషులు తవ్వుతారు. తెర కట్టుకుంటాం." వాళ్లు సంతోషంగా ఒప్పుకున్నారు. అలా తీసిన ఎముకలను ఊరివాళ్లు చూడకూడదు, తవ్వినవాళ్లు ఆ ఊరి నీళ్లు తాగకూడదు అని ఒక పట్టింపు. మద్రాసు మనుషులు తవ్విపోతే ఊరికి ఆ పీడ కూడా ఉండదు. చిన్నాయన అన్న భుజం తట్టి, "తల్లికి మర్యాద సేస్తాండావు" అన్నాడు.

తెల్లవారుతుండగా చేలో తెర లేచింది. ఎండ కెమెరా మీద పడకుండా కట్టే నల్లటి గుడ్డలు అవి. ఆడవాళ్లు పోకూడదు కనుక నేను మిద్దె మీద నుంచి చూశాను. ఊరి మగవాళ్లంతా దూరంగా గట్టు మీద వీపులు తిప్పి నిలబడ్డారు. పారల చప్పుడు వినిపించింది. తర్వాత చీరలో చుట్టిన మూటను ఎత్తుకొచ్చి కట్టెల మీద పెట్టారు. ఆ చితి మీద అమ్మది అనదగ్గది ఆ చీర ఒక్కటే. నాయన దగ్గరికి పోయాడు. చీర అంచు గుర్తుపట్టాడు. పూడ్చినప్పుడు కట్టిన చీర అది కాదని మగవాడికి ఏం గుర్తుంటుంది?

నాయన మూట మీద చెయ్యి పెట్టి ఏదో చెప్పాడు. ఏం చెప్పాడో అన్న తర్వాత నాకు చెప్పాడు. "నీకు నిప్పంటే బయ్యమని నాకు తెలుసు. ఊరి కోసరం ఓర్సుకో" అన్నాడట. అన్న కొరివి పట్టుకుని పక్కనే ఉన్నాడు. "ఎంతమందిని ఏడిపించి సినిమా తీశాను పాపా. నాయన ఏడుపును ఆపలేకపోయాను. ఇది వేషమని చెప్పేద్దామని నోటిదాకా వచ్చింది. గట్టు మీద ఊరంతా ఉంది" అన్నాడు.

ఆ బూడిదను నాయన కొత్త కుండలో పెట్టుకుని, అన్నను వెంటబెట్టుకుని కర్నూలు పోయి తుంగభద్రలో కలిపి వచ్చాడు. నీళ్లు సన్నగా పారుతున్నాయట. ఎద్దు ఎముకలకు మా నాయన మొక్కి, మునిగి వచ్చాడు. నవ్వొచ్చే సంగతే. నేనూ అన్నా ఇప్పటిదాకా ఎప్పుడూ నవ్వలేదు.

వాళ్లు తిరిగొచ్చిన వారంలోనే వాన పడింది.

చినుకులు కాదు, వాన. మధ్యాహ్నానికి నల్లమల వైపు నుంచి మోడం లేచి, చూస్తుండగానే ఊరిని ముంచేసింది. మిద్దెల మీద నుంచి నీళ్లు దూకాయి. జనం వీధుల్లోకి వచ్చి తడిశారు, ముసలివాళ్లు కూడా. కెమెరా మీద టార్పాలిన్ కప్పుతూ కెమెరామన్, "సార్, నిజం వాన, తీద్దామా?" అని అరిచాడు. అన్న వద్దని చెయ్యి ఊపాడు. చిన్నాయన బురదలో పరిగెత్తుకుంటూ వచ్చి అన్నను కౌగిలించుకుని ఏడ్చాడు. "మీయమ్మ దేవత రా. పోతా పోతా ఊరికి పానం పోసింది" అన్నాడు. అన్న కొయ్యలా నిలబడ్డాడు. కక్కలేక మింగలేక అంటారు, ఆ రోజు అతని మొహం అదే.

తర్వాతి సంగతి మేము ముందుగా ఆలోచించలేదు. ఖాళీ అయిన సమాధికి గుర్తెందుకు? నాయన పదును చూసి నాగలి కట్టాడు, ఆ చోటును కలిపి దున్నాడు, కొర్ర చల్లాడు. అన్న గట్టు మీద నిలబడి చూశాడు, నేను అన్నను చూశాను. ఏమని ఆపుతాం? అమ్మ నిప్పు తప్పించుకుంది, నాగలి కింద పడింది. ఇక అక్కడ దీపం పెట్టలేము, మొక్కలేము. ఏడాదికొకసారి పుట్టింటికి పోయినప్పుడు, చేను చూడటానికి పోయినట్టుగా పోయి నిలబడి వచ్చేదాన్ని.

సినిమా పూర్తయింది. వాన సీను మద్రాసులో పైపులతోనే తీశారు. డోన్‌లో నేనూ మా ఆయనా చూశాం. వెనక బెంచీలో ఒకాయన, "కరువు సూడనీకి టిక్కెట్టెందుకప్పా, ఇంటికాడ ఊరికే సూడొచ్చుగా" అన్నాడు. హాలంతా నవ్వింది. సినిమా అంతటితో పోయింది. ఆ తర్వాత అన్నకు ఒకే ఒక్క సినిమా దొరికింది, మళ్లీ రాజులది. అది కూడా సగం తీశాక వేరేవాళ్ల చేతుల్లోకి పోయింది. కథలు చెప్పడానికి నిర్మాతల ఇళ్లకు తిరుగుతున్నాడని వినేవాళ్లం. ప్రతి కథలో ఒక తల్లి ఉండేదట, ఆమెకు తెల్లమచ్చలు ఉండేవట. ఆడవాళ్లు చూడరండీ, అది తీసెయ్యండి అనేవాళ్లట. అన్న తీసేవాడు కాదు. ఉలిపికట్టె బుద్ధి ఎక్కడికి పోతుంది?

ఆ ఒక్క వానతో ఊరు ఆ ఏడు గట్టెక్కింది. కానీ మా ఊళ్లో వానకు జ్ఞాపకం తక్కువ. కొంతకాలానికి మళ్లీ కరువు పట్టింది. నాయనకు జబ్బు చేసిందని తెలిసి వచ్చి అన్నా నేనూ ఊళ్లోనే ఉన్నాం. ఒకరోజు సాయంత్రం ఎండ దిగుతుండగా, ఊరి బయట ఉన్న చర్చి పాళెం నుంచి ఒకామె మా ఇంటికి వచ్చింది. మా చేలల్లో కలుపు తీసే మనిషి. అరుగు కింద నిలబడింది. పైకి రమ్మన్నా రాలేదు.

ఆమె కూతురు, పెళ్లి కాని పిల్ల, కొన్నేళ్ల కిందట జ్వరంతో పోయింది. ఆ పిల్ల మెడ మీద, చేతుల మీద తెల్లమచ్చలు ఉండేవి. పాళెం వాళ్ల ఆచారం ప్రకారం పూడ్చారు. ఇప్పుడు ఊరి పెద్దలు తీసి కాల్చమంటున్నారు. వాళ్లకు మా అమ్మే సాక్ష్యం. అంత పెద్ద ఇంటావిడనే కాల్చాం, వాన రాలేదా అని అడుగుతున్నారట.

"మా చర్చి అయ్యగారు వొద్దంటాండాడు. మేము మట్టిలోనే పెట్టుకుంటాం నాయనా, ప్రభువు వస్తే మళ్లా లేస్తారని. కాల్సితే నా బిడ్డ ఎట్ల లేస్తాది?" అంది.

మంచంలో నుంచి నాయన, "వానొచ్చిందమ్మా. నా కండ్లతో నేను సూసినా. మాయామె పున్నెం" అన్నాడు. ఆయన ఆమెను ఓదారుస్తున్నాననే అనుకున్నాడు.

ఆమె అన్న వైపు తిరిగింది. "నువ్వు సదువుకున్నోనివి, లోకం తిరిగినోనివి. నువ్వు సెప్పు సామీ. మీయమ్మను కాల్సినంక వానొచ్చిందా?"

నిజం చెబితే రెండు సమాధులూ మిగులుతాయి కదా, కాల్చకుండానే వాన వచ్చిందని అందరికీ తెలుస్తుంది కదా అని మీరు అనుకోవచ్చు. మా ఊరిని ఎరగనివాళ్లు అలాగే అనుకుంటారు. చెబితే రెండూ తవ్వేవాళ్లు. ఆ తర్వాత కరువుకు కారణం మా మోసమే అనేవాళ్లు. మంచంలో ఉన్న నాయన అది విని బతికేవాడు కాదు. అన్న ఇదంతా ఆలోచిస్తున్నాడని నాకు తెలుసు, ఎందుకంటే నేనూ అదే ఆలోచిస్తున్నాను. ఊళ్లోకి పోయి పెద్దలను బతిమాలతానన్నాడు. ఆమె తల అడ్డంగా ఊపింది. మీరు బతిమాలితే రేపు మాకు కూలి ఉండదు అంది. మళ్లీ అదే అడిగింది, వాన వచ్చిందా లేదా అని.

"వచ్చిందమ్మా" అన్నాడు అన్న.

ఆమె కొంగుతో మొహం తుడుచుకుంది.

"అట్లయితే సరేలే నాయనా. నువ్వు అబద్దం ఆడవు. నా బిడ్డతోగూడా నాలుగు చినుకులు రాలితే రాలనీ" అని వెళ్లిపోయింది.

అన్న ఆమె వెనకే పాళెం దాకా నడిచి, ఏమీ మాట్లాడకుండానే తిరిగి వచ్చాడు. ఆ వారంలోనే పిల్లను తీసి కాల్చారు. అక్కడ తెర కట్టేవాళ్లు ఎవరూ లేరు. ఆ ఎముకలను ఇంకెవరూ ముట్టుకోరు కనుక తల్లే గుంట దగ్గర కూర్చుని ఎముకలు ఏరి ఇచ్చిందట.

ఆ ఏడు వాన రాలేదు.